ముందు సగం లేని డిక్షనరీ

బెజవాడ వన్ టౌన్‌లో మా బట్టల కొట్టు నుంచి రైలెక్కే ప్రతి బేలు మీదా ఇంగ్లీషు అక్షరాలు ఆదిశేషయ్య రాసినవే. గోనెపట్టా మీద నల్లరంగు కుంచెతో ఊరిపేరూ స్టేషను పేరూ రాసేవాడు. అచ్చు గుద్దినట్టుండేవి. నేను అదే కొట్లో బట్ట కొలిచే గుమాస్తాని. ఇరవై మూడేళ్ళు ఆయన పక్కనే కూర్చున్నాను. కాబట్టి ఆయన మంచీ చెడ్డా చెప్పే హక్కు నాకుందనుకుంటాను. చెడ్డ చెప్పేటప్పుడు అందులో నా వాటా కూడా కలిపే చెబుతాను.

ఆయనది మంగళగిరి, మగ్గం పెట్టుకు బతికే కుటుంబం. నాలుగో ఫారం చదువుతుండగా తండ్రికి కాళ్ళు పడిపోయి, ఈయన మగ్గం గుంటలో దిగవలసి వచ్చింది. బడి మానిపించిన తండ్రి మీద ఆయనకు కోపం లేదు. తన వెనక బెంచీలో కూర్చుని, తన పలక చూసి రాసుకుని, చివరికి పాసై ఉద్యోగాలకు వెళ్ళిపోయిన వాళ్ళ మీద మాత్రం జన్మంతా కోపమే. ఆ మంట ఎలా చల్లార్చుకోవాలో తెలియని రోజుల్లో బెజవాడ వచ్చి మా కొట్లో చేరాడు. ఆ ఏడే పాత కాగితాల వాడి తట్టలో ఒక లావుపాటి ఇంగ్లీషు డిక్షనరీ దొరికింది. రెండు సంపుటాల్లో అది రెండోది. ఎమ్ అక్షరం నుంచి జడ్ దాకా ఉంది. మొదటిది అప్పటికే ఎవరి పకోడీల పొట్లాలైపోయిందో దేవుడికెరుక.

ఆ పుస్తకంలో మామూలు మాటల జోలికి ఆయన పోలేదు. ఎవరికీ తెలియని మాటలు ఏరి ఏరి కంఠస్థం చేశాడు. రైలు గార్డు ఇంగ్లీషులో టైమెంతని అడిగితే నీళ్ళు నమిలేవాడు గానీ, కొట్లో ఎవరైనా తుమ్మితే ‘స్టెర్నుటేషన్’ అనేవాడు. ఆవులిస్తే ‘ఓసిటేషన్’. ఎక్కిళ్ళు వస్తే ‘సింగల్టస్’. మా షావుకారు వీటన్నింటినీ జబ్బులనుకుని ఒకసారి మందు కూడా అడిగాడు. తన దగ్గరున్నది సగం పుస్తకమేనని ఆదిశేషయ్య ఎవరికీ చెప్పలేదు. అడిగినవాళ్ళూ లేరు. తెలియదన్న మాట ఆయన నోట నేను వినలేదు. ముందు సగంలోని మాట ఎవరైనా అడిగితే, అంత తేలికైనవి నన్నడక్కండి అని తప్పించుకునేవాడు.

ఆయనకు పేరు తెచ్చింది పెళ్ళిళ్ళు. మా వాళ్ళ పెళ్ళిళ్ళలో ఒక సరదా ఉండేది. కొత్త అల్లుడు బంతిలో కూర్చోగానే ఆడపెళ్ళివారి తరఫున ఒక పెద్దమనిషి అతన్ని ప్రశ్నలడుగుతాడు. జవాబు చెప్పేదాకా అతని విస్తట్లో నెయ్యి పడదు. మా తాతల కాలంలో పొడుపుకథలు అడిగేవారు, మా నాన్నల కాలంలో పద్యాలు. మా కాలానికి ఇంగ్లీషు మాటలయ్యాయి. అడగవలసినవి మూడే. చెప్పినా చెప్పలేకపోయినా, మూడోదయ్యాక అడిగినవాడే లేచి నేతిగిన్నె అందుకుని అల్లుడికి తన చేత్తో వడ్డించాలి. అదీ మర్యాద. చుట్టరికం ఉన్నా లేకపోయినా ఆదిశేషయ్యను బండి కట్టి మరీ తీసుకుపోయేవారు. డిగ్రీ చదివిన అల్లుళ్ళు కూడా ఆయన ముందు తల గోక్కునేవారు. మూడు మాటలడిగి, నవ్వించి, నెయ్యి పోసి వచ్చేవాడు. అప్పటికి ఆ ఆటలో తప్పేమీ లేదు.

నలభై ఒకటి వైశాఖంలో ఆయన అక్క పున్నమ్మ కూతురు బాలత్రిపురసుందరి పెళ్ళి మంగళగిరిలో జరిగింది. ఆదిశేషయ్యకు పిల్లల్లేరు, భార్య పురిట్లోనే పోయింది. బాలను గుండెల మీద పెంచాడు. ఎనిమిదో తరగతి దాకా చదివించిందీ ఆయనే. మేనమామగా బుట్టలో కూర్చోబెట్టి పీటల దగ్గరికి మోసుకొచ్చిందీ ఆయనే. పెళ్ళికొడుకు భావనారాయణ పెడన వాడు. స్కూలు ఫైనలు పాసై నేతపనివాళ్ళ సొసైటీలో రాతపని చేస్తున్నాడు. మెత్తని మనిషి. అతని తండ్రికి మాత్రం కొడుకు చదువంటే కొండంత గర్వం. మావాడికి రాని ఇంగ్లీషు ఆ ఇంగ్లీషువాడికీ రాదని పందిట్లో నాలుగుసార్లు అన్నాడు. స్కూలు ఫైనలు అన్నప్పుడల్లా ఆదిశేషయ్య ముఖం ఎర్రబడటం నేను చూశాను.

వధూవరులు పక్కపక్కన కూర్చున్న బంతిలో ఆట మొదలైంది. మొదటి మాట స్టెర్నుటేషన్. అల్లుడికి తెలియలేదు. రెండోది నిక్టిటేట్, అంటే కనురెప్ప ఆర్పడం. తెలియలేదు. మూడోది యు అక్షరంతో మొదలయ్యే అక్సోరియస్. తెలియలేదు. పెళ్ళాం కొంగు పట్టుకు తిరిగేవాడని దానికి అర్థమనీ, ఇవాళ్టి నుంచి నువ్వు అదేననీ ఆదిశేషయ్య చెప్పేసరికి పందిరంతా ఘొల్లుమంది. అందరికంటే గట్టిగా నవ్వింది నేనే. అక్కడ ఆగి నేతిగిన్నె అందుకోవలసిన మనిషి నాలుగోది అడిగాడు. జనం ఇంకా నవ్వారు. ఐదోది అడిగాడు. ఆరోదానికి నవ్వులు పలచబడ్డాయి. అయినా ఆయన కళ్ళకు ఆ కుర్రవాడు కనబడటం లేదు, వెనక బెంచీల వాళ్ళు కనబడుతున్నారు. ఏడోది కూడా అడిగాడు.

పెళ్ళికొడుకు తండ్రి విస్తరి ముందు నుంచి లేచిపోయాడు. భావనారాయణే ఆయన చెయ్యి పట్టుకుని కూర్చోబెట్టాడు. మావయ్యగారు సరదాకి అడుగుతున్నారు, నాకు రావడంలేదు, అంతే కదా నాన్నా అన్నాడు. అప్పుడు ఎవరో గబగబా నెయ్యి తెచ్చారు. కానీ అడిగినవాడు లేచి వడ్డించలేదు కనుక భావనారాయణ చెయ్యి అడ్డం పెట్టాడు. పక్కనే బాల కూడా తన విస్తరి మీద చెయ్యి అడ్డం పెట్టింది. ఇద్దరూ నెయ్యి లేకుండానే తిని లేచారు. ఆ పూట నుంచి ఆ పిల్ల మేనమామతో మాట్లాడటం మానేసింది.

అంతటితో పోతే బాగుండేది. పెడనలో మగ్గాల మధ్య మాట పాకడానికి ఎంతసేపు. ‘నెయ్యి లేని అల్లుడు’ అన్న పేరు భావనారాయణకు అతుక్కుంది. సొసైటీలో ఎవరైనా కాగితం చదవమని ఇస్తే, నెయ్యి పోసి ఇవ్వండ్రా అనేవారు. ఏడాది ఓర్చుకున్నాడు. నలభై రెండు ఎండాకాలంలో యుద్ధానికి మనుషుల్ని తీసుకుంటుంటే మిలిటరీ ఆసుపత్రి దళంలో చేరిపోయాడు. డాక్టర్ల దగ్గర పనిచేసి, ఇంగ్లీషు నేర్చుకుని వస్తానని భార్యతో చెప్పాడట. బాల మంగళగిరి పుట్టింటికి వచ్చేసింది. పున్నమ్మ తమ్ముణ్ణి తిట్టలేదు. “నీ నోటికి జడిసి దేశం దాటి పోయాడురా” అంది, అంతే. ఆదిశేషయ్య ఆ తర్వాత ఏ పెళ్ళికీ వెళ్ళలేదు. బండి వస్తే ఒంట్లో బాగాలేదని పంపించేసేవాడు. అల్లుడు క్షేమంగా తిరిగి రావాలి, బాల తనను మళ్ళీ మావయ్యా అని పిలవాలి. ఆయనకు కావలసింది అంతే.

రెండు నెలలకు అస్సాం వైపు నుంచి మొదటి ఉత్తరం వచ్చింది. బాల దాన్ని మేనమామకు చదివి వినిపించవలసి వచ్చింది, ఎందుకంటే సగం ఆయనకే రాశాడు. “మావయ్యగారు అడిగిన ఏడు మాటలూ ఇక్కడ డాక్టరుగారి డిక్షనరీలో వెతికాను. ఏడూ వెనక సగంలోనే ఉన్నాయి. ఆయన దగ్గర ముందు సగం లేదని నా అనుమానం. ఇకనుంచి ముందు సగంలోవి నేనడుగుతాను. కోపంతో కాదు. మన బంతి ఇంకా లేవలేదని మాత్రం చెప్పు.” కింద ఇంగ్లీషు అక్షరాల్లో ఒక మాట ఉంది. బార్బరిగ్మస్.

ఆ సంగతి నాకు చెబుతూ ఆదిశేషయ్య ముందు సిగ్గుపడ్డాడు, తర్వాత నవ్వాడు, తర్వాత కుంచె కింద పెట్టి పై కండువాతో ముఖం దాచుకున్నాడు. ఇన్నేళ్ళు పక్కనున్నా నాకు పట్టుబడని రహస్యం ఆ కుర్రవాడు ఏడు మాటల్లో పట్టేశాడు. అంత బుర్ర గలవాణ్ణి చూసా మనం నవ్వాం అన్నాడు ఆదిశేషయ్య. మనం అన్నందుకు నాకు బాధ కలగలేదు, నిజమే కదా.

గవర్నర్‌పేటలో ఒక డాక్టరు దగ్గర రత్తయ్య అనే కాంపౌండరు ఉండేవాడు. ఆదిశేషయ్య అతని ముందు చేతులు కట్టుకుని నిలబడి, నాకు తెలియదు, కాస్త చూసి చెప్పండి అని అడగడం మొదలుపెట్టాడు. బార్బరిగ్మస్ అంటే ఆకలికి కడుపులో వచ్చే గుడగుడ. ఆ ముక్క సరుకు చీటీ మీద రాసుకుని, ఆదివారం రైలెక్కి, కృష్ణ దాటి మంగళగిరి వెళ్ళాడు. బాల వసారాలో నూలు కండెలు చుట్టుకుంటోంది. తలెత్తకుండా “దొరికిందా?” అంది. పెళ్ళి తర్వాత ఆమె ఆయనతో తనంతట తాను అన్న మొదటి మాట అది. ఆయన చీటీ ఇచ్చాడు. ఆమె దాన్ని చూసి జవాబు రాసుకుంది.

అలా రెండేళ్ళు నడిచింది. నెలకో ఉత్తరం, ఉత్తరానికో మాట. యుద్ధం వార్తల సంగతి ఒక్క ముక్క ఉండేది కాదు. హాలక్స్ అంటే కాలి బొటనవేలు. కాంథస్ అంటే కంటికొస. సెరుమెన్ అంటే చెవిలో గులిమి, దానికి బాల నవ్విందట. పరాయిచోట గాయాల మధ్య తిరుగుతూ ఆ కుర్రవాడు పెళ్ళాం కాళ్ళూ కళ్ళూ ఒక్కొక్కటే పేరు పెట్టి తలుచుకుంటున్నాడని నాకు అప్పట్లోనే తోచింది. పెద్దలు చదివే ఉత్తరంలో అంతకంటే ఎలా రాస్తాడు? ఆదిశేషయ్యకూ తోచే ఉంటుంది. జవాబు చెప్పేటప్పుడు ఆయన బాల ముఖం వంక చూసేవాడు కాదు. మొదటి ఏడాది చీటీ తీసుకుని లోపలికి పోయే పిల్ల, రెండో ఏడు మజ్జిగ తెచ్చి ఎదురుగా కూర్చోసాగింది. ఇంకా మావయ్యా అని మాత్రం పిలవలేదు.

నలభై నాలుగు వేసవిలో వచ్చిన ఉత్తరం పొట్టిది. చేతివ్రాత వంకరగా ఉంది. మాట గ్లబెల్లా. “ఇది మావయ్యగారికి తెలిస్తే నోటితో చెప్పొద్దను. నీ ముఖం మీద వేలు పెట్టి చూపించమను. ఇది చెబితే నేనొచ్చి ఆయన చేతి నెయ్యి పోయించుకుంటాను” అని రాశాడు.

రత్తయ్య పుస్తకంలో ఆ మాట లేదు. డాక్టరుగారు మద్రాసు వెళ్ళారు. ఆదిశేషయ్య రెండు ఆదివారాలు మంగళగిరి వెళ్ళలేదు. ఉత్తచేతులతో ఎలా వెళ్ళను అన్నాడు. పదహారో రోజున డాక్టరు వచ్చాడు. మాట విని నవ్వి, ఆదిశేషయ్య రెండు కనుబొమ్మల మధ్య వేలు పెట్టి, ఇదేనయ్యా, మన ఆడవాళ్ళు బొట్టు పెట్టుకునే చోటు అన్నాడట. కొట్టుకు తిరిగొచ్చేసరికి ఆ మనిషి ముఖం వెలిగిపోతోంది. దోవలో ఒక కుంకుమ భరిణె కూడా కొన్నాడు. వేలు పెట్టి చూపించమన్నాడుగా, ఊరికే ఎందుకు, బొట్టు పెట్టే చూపిస్తాను అన్నాడు. ఆదివారం దాకా ఆగలేక షావుకారుని అడిగి మర్నాడే బయల్దేరాడు. నన్నూ రమ్మన్నాడు.

మేం వెళ్ళేసరికి పున్నమ్మ ఇంటి ముందు వీధి నిండా మనుషులున్నారు. మగ్గాలు ఆగిపోయాయి. పెడన నుంచి వియ్యంకుడు మిలిటరీవాళ్ళ కాగితం పట్టుకొచ్చాడు. అది ఇంగ్లీషులో ఉంది. అప్పటికే ఎవరో చదివి చెప్పారు. అయినా ఆయన దాన్ని ఆదిశేషయ్య చేతికిచ్చి, మీరు కూడా ఒకసారి చూడండి, మాటలన్నీ మీకు తెలుసు కదా అన్నాడు. ఎత్తిపొడుపో, ఆశో నాకు అంతుపట్టలేదు. అందులో కష్టమైన మాట ఒక్కటీ లేదు. ఆదిశేషయ్య కాగితం తిరిగిచ్చి, భరిణె ఉన్న జేబు మీద చెయ్యి పెట్టుకుని గోడవార కూలబడ్డాడు.

బాల ఏడవలేదు. తొమ్మిది రోజులూ ఏడవలేదు. శవం కళ్ళబడని చావు కదా, ఆ పిల్లకు నమ్మకం కలగలేదని ఆడవాళ్ళు అనుకున్నారు. పదోనాడు తెల్లవారాక గాజులు తీసి, బొట్టు చెరపడానికి ఆమెను పెరట్లోకి తీసుకుపోవాలి. దానికి ముందు ఆమె ఆదిశేషయ్య కూర్చున్న చోటికి వచ్చింది. ముఖాన ఇంకా కుంకుమ ఉంది. “ఆ మాట దొరికిందా మావయ్యా?” అంది. మూడేళ్ళ తర్వాత మావయ్యా అంది.

నేను పక్కనే ఉన్నాను. ఆయన ఆమె ముఖంలోకి చూశాడు, కనుబొమ్మల మధ్యకు చూశాడు. ఇంకో గడియలో తుడిచేసే చోటది. “దొరకలేదమ్మా. నాకు తెలీదు” అన్నాడు.

ఆమె తలూపి పెరట్లోకి వెళ్ళింది. మేం బయటికొచ్చాక, మంచి పని చేశావు, ఆ సమయంలో చెబితే పిల్ల గుండె పగిలిపోయేది అని నేనే అన్నాను. ఆయన నా మాట పట్టుకుని ఊరడిల్లాడు. తెలిసిన దాన్ని తెలియదనడం ఆయన జన్మలో చేసిన ఒకే ఒక్క త్యాగమని నేను నలుగురికీ చెప్పుకున్నాను కూడా. మా ఇద్దరి తెలివీ అంతే.

మరుసటి ఏడు బాల మిషన్ ఆసుపత్రిలో నర్సు పనికి చేరింది. శౌరమ్మ అనే పెద్ద నర్సు ఆమెను దగ్గరికి తీసి నేర్పింది. కులపెద్దలు ముక్కు మీద వేలేసుకున్నారు. ఆదిశేషయ్య మాత్రం ఆ పిల్ల వెళ్ళడమే మంచిదని అందరితో పోట్లాడాడు. పండక్కీ పబ్బానికీ ఆమె వచ్చి పోతుండేది. మావయ్యా అనే పిలిచేది. ఆయన ఆ పిలుపుతో బతికాడు. డిక్షనరీని మాత్రం మళ్ళీ తెరవలేదు, బేళ్ళ మీద అక్షరాలు కూడా వంకర పోసాగాయి.

నలభై ఏడు కార్తీకంలో ఒక ఆదివారం మధ్యాహ్నం నేను వన్ టౌన్‌లో ఆయన గదిలో కూర్చుని ఉన్నాను. బాల తెల్లచీరలో వచ్చింది. చెప్పులు విడవకుండానే గడపలో నిలబడింది. శౌరమ్మ పుర్రె బొమ్మ పెట్టి పాఠం చెప్పిందనీ, ఒక్కొక్క చోటూ కర్రతో చూపించి పేర్లు చెప్పిందనీ చెప్పింది. గ్లబెల్లా అన్న మాట బాల పలకలేదు. పలకనక్కరలేదు, ఆదిశేషయ్య ముఖం చూస్తేనే తెలిసిపోయింది.

“ఆవాళ నీకు తెలుసా మావయ్యా?” అని అడిగింది.

ఆయన అబద్ధమాడలేదు. తెలుసన్నాడు. కాగితం రావడానికి ముందురోజే తెలిసిందనీ, చెప్పవలసింది ఆ చోటు పేరని నోరు రాలేదనీ, నిన్ను బాధపెట్టకూడదనుకున్నాననీ తడబడుతూ చెప్పాడు. ఆమె అంతా విన్నది.

“పెళ్ళిలో తెలుసని ఆయన్ని ఏడిపించావు. సరే, ఆయన మర్చిపోయాడు. చావులో తెలీదని నన్ను మోసం చేశావు. ఆ పొద్దున నాకు తెలిసుంటే, వాళ్ళు తుడవబోయేముందు నా వేలితో నేను ఒక్కసారి ముట్టుకునేదాన్ని. ఆయన ఆఖర్న తల్చుకుంది ఇక్కడ అనుకునేదాన్ని. ఆ ఒక్కటీ నాది కదా మావయ్యా. నువ్వెవరు దాచడానికి?”

మంచి పని చేశావని మెచ్చుకున్నది నేను. తప్పు నాది కూడానమ్మా అందామనుకున్నాను, కానీ అది ఇప్పుడు ఆమెకు ఎందుకు? ఆదిశేషయ్య చేతులు జోడించబోయాడు. ఆమె ఆ చేతులు పట్టుకుని విడదీసింది.

“దణ్ణాలొద్దు. ఆయనేం రాశాడు? నోటితో కాదు, చూపించమన్నాడు. చూపించు” అంది.

ఆమె ఆయన ముందు నేల మీద మోకాళ్ళ మీద కూర్చుని ముఖం ఎత్తింది. కళ్ళు మూసుకుంది. ఆయన కుడిచెయ్యి ఎత్తాడు. నల్లరంగు గోళ్ళలోకి ఇంకిపోయిన చెయ్యి. అది మొదట కనుబొమ్మకు తగిలింది. రెండోసారి చూపుడువేలు ఆ బోడి చోట సరిగ్గా ఆనించాడు.

“అదే” అంది బాల. తర్వాత చాలా మెల్లగా, “ఆయన అడిగినవన్నీ అయిపోయినయ్. ఇంక రాయడానికేం లేదు” అంది.

అప్పుడు ఏడ్చింది. పదిరోజుల్లోనూ, మూడేళ్ళలోనూ ఏడవనిదంతా ఏడ్చింది. ఆదిశేషయ్య వేలు తియ్యలేదు, ఆమె తియ్యమనలేదు. నేను అక్కడ ఉండకూడదనిపించి, తలుపు దగ్గరగా వేసి, వీధిలోకి వచ్చి నిలబడ్డాను.